అకిహబర: ఒక పేటయు, ఒక మాటయు



మన భాషలో ‘తమరు’ అను మాట కలదు. ఎదుటివారిని పేరుపెట్టి పిలుచుటకు సంకోచము కలిగి, ‘మీరు’ అన్నను చాలదని తోఁచినప్పుడు మనము ‘తమరు’ అందుము. జపాను భాషలో ఇట్టి మర్యాదమాటలు పెక్కు గలవు. వానిలో ‘ఒటాకు’ అనునది యొకటి. ‘తాకు’ అనఁగా ఇల్లు. దానికి ముందు గౌరవమును దెలుపు ‘ఒ’ చేరి ‘తమ గృహము’ అను నర్థమిచ్చుచున్నది. ఇంటిని చెప్పి ఇంటివారిని సూచించుట ఆ భాషలోని పద్ధతి. అంతగా చనువులేని పొరుగువారితో మాటలాడునపుడు ఇల్లాండ్రు ఈ మాట వాడుదురు. ఇంత మర్యాదగల మాట 1983 మొదలుకొని కొంతకాలము తిట్టుగా చెల్లి, పిమ్మట ఒక తరమువారు తమకు తామే గర్వముతో పెట్టుకొను పేరైనది. బొమ్మలకథలయందును, చలనచిత్రములలోని గీఁతబొమ్మలయందును, యంత్రపు ఆటలయందును మితిలేని మక్కువ గలవారిని నేఁడు ఒటాకులందురు. ఆ మాటకు పట్టిన దశలును, ఆ జనమునకు నెలవైన అకిహబర యను పేట చరిత్రయు ఈ ప్రసంగమునకు విషయములు.

ఆ పేటను చూచుటకు నేనొక మార్గదర్శకుని కుదుర్చుకొంటిని. దినమునకింత యని రుసుము పుచ్చుకొని పరదేశస్థులకు తమ యూరిని చూపువారు టోకియో నగరమున అనేకులు గలరు. నాకు దొరకినవారు అఱువదియేండ్లకు చేరువైనవారు. అకిహబరకు నడకదూరమున పుట్టి పెరిగినవారు. రైలుస్టేషను వెలుపల కలిసికొన్నపుడు, ముందుగా బొమ్మల దుకాణములు చూపుఁడని నేనడిగితిని. “అవి ఎక్కడికిని పోవు. ముందు ఈ నేలసంగతి వినుఁడు” అని ఆయన నన్ను రైలువంతెన నీడకు తీసికొనిపోయిరి.

టోకియో పూర్వము కొయ్యయిండ్ల నగరము. అగ్నిప్రమాదములు దానికి తఱచు. 1869 వ సంవత్సరమున ఈ ప్రాంతమంతయు దగ్ధము కాఁగా, ప్రభుత్వమువారు మరల ఇండ్లు కట్టనీయక, మంటలు ప్రాఁకకుండుటకై ఆ స్థలమును బయలుగా విడిచిరి. మఱుసటి యేఁట అచ్చట ఒక చిన్న ఆలయమును నెలకొల్పిరి. దాని పేరు ‘చింకషా’. అగ్నిని శాంతింపఁజేయు గుడి యని యర్థము. ప్రజలకు మాత్రము అగ్నిభయమును వారించు దైవమనఁగా చిరకాలమునుండి అకిబ గోంగెన్ అను దేవరయే. క్రొత్త గుడి ఆయనదే యని వారు తలంచి, ఆ బయలును ‘అకిబవారి మైదానము’ అని పిలువసాగిరి. సర్కారువారు గుడికి పెట్టిన పేరొకటి, జనుల నోట నిలిచిన పేరు మఱొకటి! 1888 లో రైలుదారికై ఆ గుడిని వేఱొక చోటికి మార్చిరి. 1890 లో అచ్చట సరకుల స్టేషను వెలసినది. దానికి వ్రాఁతలో ‘అకిహబర’ యని పేరు పడినది. నేఁటి పిల్లలు ఆ పేరును కుదించి ‘అకిబ’ అనుచున్నారు. తెలియకయే వారు తాతల నాఁటి పలుకుబడికి తిరిగి వచ్చిరి.

1923 సెప్టెంబరు 1 వ తేదీన కలిగిన మహాభూకంపములో టోకియో నాశనమైన సంగతి మీలో చదివినవారుందురు. దాని పిమ్మట కండా ప్రాంతపు పాత కాయగూరల సంతను 1928 లో ఈ స్టేషను ప్రక్కకు మార్చిరి. 1989 వఱకు అది అక్కడనే నడచినది. చిన్నతనమున ఈ పేటకు వచ్చినపుడు ఉల్లికాడల వాసనయు, ముల్లంగి వాసనయు ముక్కునకు తగిలెడివని మార్గదర్శకులు చెప్పిరి. ఆ సంత ఉన్నచోట ఇపుడు అద్దముల మేడలు నిలిచియున్నవి.

ఇఁక రేడియో మాట. పెద్దలకు ఈ భాగము రుచించునని నా నమ్మకము. కావున కొంచెము నిలిచి చెప్పెదను.

జపానులో రేడియో ప్రసారము 1925 మార్చి 22 వ తేదీన మొదలైనది. 1945 ఆగష్టు 15 వ తేదీన ఆ దేశపు చక్రవర్తి తమ ఓటమిని స్వయముగా ప్రజలకు వినిపించినది రేడియోలోనే. అంతకుముందు ఆయన కంఠము ఎట్లుండునో సామాన్యులు ఎఱుఁగరు. యుద్ధము ముగియునప్పటికి నగరము బూడిదకుప్ప. తిండికి కఱవు, బట్టకు కఱవు. ఐనను జనులకు వార్తలు కావలెను, పాటలు కావలెను. తయారైన రేడియోపెట్టె కొనుటకు సామాన్యునికి శక్తి చాలదు. కండా ప్రాంతమున విద్యుత్తు విద్య నేర్పు పాఠశాల యొకటి యుండెను. అందలి విద్యార్థులు విడిభాగములు కొని, టంకము పెట్టి, తామే రేడియోలు బిగించి అమ్మసాగిరి. ఆ విడిభాగములకు గిరాకి పుట్టఁగానే, సైన్యము వదలిన వాల్వులు, కండెన్సర్లు, తీఁగచుట్టలు చీకటిబజారునకు వచ్చినవి. వీథిప్రక్కల వానిని పఱచుకొని అమ్మువారు వందలకొలఁది బయలుదేఱిరి. 1949 లో ఆక్రమణసైన్యపు అధికారులు వీథిదుకాణములను తొలగింపుఁడని యాజ్ఞ యిచ్చిరి. అంగళ్లవారు మొఱపెట్టుకొనఁగా, కొలఁదికాలములోనే వారికి అకిహబర రైలువంతెన క్రింద చోటు దొరకినది.

ఆ చోటులో కొంత నేఁటికిని ఉన్నది. నేను చూచితిని. మనుష్యుఁడు ఒదిగి నడువవలసిన సందు. ఇరుప్రక్కల బారెడు వెడల్పైన కొట్లు. పైన రైలు పోయినపుడెల్ల గోడలు సన్నగా కదలును. ఒక కొట్టులో స్విచ్చులు మాత్రమే అమ్ముదురు. ఇంకొక కొట్టులో తీఁగలు మాత్రమే. ధాన్యపుగింజలవలె చిన్నచిన్న అఱలలో పోసిన భాగములనడుమ ఒక వృద్ధురాలు కూర్చుండియుండెను. ఒక బాలుఁడు కాగితముపై గీసిన పటము చూపెను. ఆమె దానిని చదివి, ఒక అంకెను కొట్టివేసి వేఱొక అంకె వ్రాసి, నాలుగు భాగములు లెక్కించి పొట్లము కట్టి యిచ్చెను. ఇట్టి కొట్ల వరుస మఱొకటి ఈ ప్రక్కనే యుండి 2013 లో మూఁతపడినదఁట. ఉన్నవి ఎంతకాలము నిలుచునో యని మార్గదర్శకులు నిట్టూర్చిరి.

పిమ్మటి చరిత్ర వేగముగా సాగినది. 1950 తరువాత జపాను కోలుకొనెను. దూరదర్శనిపెట్టె, బట్టలుతుకు యంత్రము, చల్లనిపెట్టె - ఈ మూఁటిని గృహస్థులు ‘మూఁడు దివ్యనిధులు’ అనిరి. అది రాజవంశమువారి కత్తి, అద్దము, మణి అను మూఁడు నిధులను తలఁచి యాడిన పరిహాసము. వానిని కొనుటకు దేశమంతయు అకిహబరకు వచ్చెడిది. కాలక్రమమున ఊరూర పెద్ద అంగళ్లు వెలసి, చల్లనిపెట్టె కొఱకు టోకియో దాఁక రావలసిన పని తప్పినది. కుటుంబములు రాక మానినవి. అప్పుడీ పేటను నిలిపినవి గణనయంత్రములు. 1976 లో ‘రేడియో కైకాన్’ అను భవనపు ఏడవ అంతస్తున ఎన్.ఇ.సి. సంస్థవారు చిన్న గణనయంత్రమును విడిభాగములుగా అమ్ముటకును, చేయువిధము చెప్పుటకును ఒక గది తెఱచిరి. మా మార్గదర్శకులు అప్పుడు పదేండ్ల బాలుఁడు. కొనుటకు డబ్బు లేదు. చేతులు వెనుకకు కట్టుకొని, పెద్దలు బిగించుచుండఁగా సాయంకాలము వఱకు చూచి యింటికి పోయెడివాఁడనని చెప్పిరి.

ఆ యంత్రములను మెచ్చిన యువకులే బొమ్మలకథలను కూడ మెచ్చినవారు. అకిహబర మార్పునకు మూలము ఇదియే యని కైచిరో మొరికవా అను వాస్తుపండితుఁడు 2003 లో ఒక గ్రంథమున నిరూపింపఁబూనెను. ప్రభుత్వము పూనుకొని గాని, ధనవంతుల సంస్థలు పూనుకొని గాని ఈ పేటను మార్చలేదు. ఒకే అభిరుచి గలవారు ఒకచోటికి చేరఁగా, వారి యభిరుచి వెంట దుకాణములు వచ్చినవి. నాకును ఈ మాట సరియైనదిగానే తోఁచినది. తీర్థము ఉన్నచోటికి పూవులమ్మువారు వత్తురు గదా.

ఈ బొమ్మలకథల సంగతి కొంత చెప్పవలెను. ఒసాము తెజుకా (1928-1989) అను నతఁడు వైద్యవిద్య చదివియు బొమ్మలకథలు వ్రాయుటకే జీవితమును ధారపోసెను. 1963 జనవరి 1 వ తేదీన ఆయన యంత్రబాలుని కథ గీఁతబొమ్మలుగా దూరదర్శనిలో ఆడసాగెను. ఆ బొమ్మలు చూచి పెరిగిన పిల్లలు పెద్దవారైన పిమ్మటను వానిని విడువలేదు. తామే కథలు వ్రాసి, బొమ్మలు గీసి, కొలఁది ప్రతులు అచ్చొత్తించుకొని తమలో తాము అమ్ముకొనిరి. అందుకై 1975 డిశంబరు 21 వ తేదీన టోకియోలో ఒక సంత పెట్టిరి. ‘కోమికెట్’ అని దాని పేరు. నాఁడు పాల్గొన్న బృందములు ముప్పదికి పైచిలుకు, వచ్చినవారు సుమారు 700 మంది. ఇపుడు ఏఁటికి రెండుమార్లు జరుగు ఆ సంతకు వచ్చువారు లక్షలు. అచ్చట కలిసికొను యువకులు ఒకరినొకరు ఎఱుఁగరు. చనువుగా పిలుచుటకు బిడియము. కావున ఇల్లాండ్రవలె ‘తమరు’, ‘తమరు’ అని పలుకరించుకొనెడివారు. దీనిని చూచి 1983 లో అకియో నకమొరి యను పత్రికారచయిత వెక్కిరింతగా వ్యాసములు వ్రాసి, వారికి ‘ఒటాకు’ అని పేరు పెట్టెను. బిడియముచేత పలికిన మర్యాదమాట ఆ విధముగా పరిహాసమాయెను.

పరిహాసము శాపమైనది 1989 లో. పసిబాలికలను నలుగురిని చంపిన యొక దుర్మార్గుఁడు పట్టుపడెను. వాని గదిలో వేలకొలఁది దృశ్యటేపులు కనఁబడెను. పత్రికలు ఆ గది ఛాయాచిత్రమును దేశమంతట చూపి, వానిని ఒటాకు అనిరి. నేరము ఒక్కనిది, నింద వేలమందిది. బొమ్మలపుస్తకము చేతనున్న యువకుని చూచిన తల్లులు పిల్లలను ప్రక్కకు లాగుకొనిరఁట.

అప్పటికి మా మార్గదర్శకులకు ఇరువదిమూఁడేండ్లు. ఉద్యోగములో క్రొత్తగా చేరియుండిరి. ఆ వేసవి రాత్రి యొకనాఁడు తల్లి ఆయన గదిలోనికి వచ్చి, పుస్తకముల బీరువా యెదుట చాలసేపు నిలువఁబడి, ఏమియు ననక వెడలిపోయెనఁట. మఱునాఁడు ఆయన ఆ పుస్తకములన్నింటిని పెట్టెలలో సర్ది, పెట్టెలపై ‘చలికాలపు దుస్తులు’ అని వ్రాసి అటకపై పెట్టిరి. కచేరిలో తోటివారు ఒటాకులను తిట్టినపుడు తానును నవ్వెడివారు. “మా తల్లి నన్ను ఒక్కమాట అడిగియుండిన బాగుండెడిది. అడుగలేదు. నేను చెప్పలేదు. ఆమె పోయి పదునొకండేండ్లైనది” అని చెప్పి, దాటవలసిన దీపము పచ్చగా మాఱుటచే వీథి దాటిరి.

ఆ పిమ్మట మేము బొమ్మల దుకాణములకు పోయితిమి. అవి మేడలు. ఒక్కొక్క అంతస్తున ఒక్కొక్క సరకు: పాత పుస్తకములు, చేతియెత్తు బొమ్మలు, ఆటల పలకలు, పాటల పళ్లెములు. కొన్నిచోట్ల అద్దపు గూళ్లను నెలబాడుగకిచ్చుట చూచితిని. ఎవరైనను గూడు బాడుగకు తీసికొని తన బొమ్మలకు తాను వెల కట్టి పెట్టవచ్చును; అమ్ముడుపోయినచో దుకాణదారుఁడు తన పాలు మినహాయించుకొని మిగిలినది పంపును. బొమ్మల పనితనము ఆశ్చర్యకరము: వెండ్రుక పాయలు, బట్ట మడతలు, వ్రేళ్ల గోళ్లు సైతము తీర్చిదిద్దిరి. ఆఁడుబొమ్మలలో కొన్నింటి వేషము నాకు రోఁత పుట్టించినది. ఆ మాట దాఁచను. పెద్దవారు బొమ్మలు పేర్చుటను మాత్రము వింతగా నేను తలంపలేదు. సంక్రాంతికి బొమ్మలకొలువు పెట్టు ఇండ్లలో పెరిగినవారము మనము.

పరిచారికల వేషమున యువతులు కాఫీ యందించు శాలలు కూడ ఇచ్చట గలవు. వానిలో స్థిరముగా నడచిన మొదటిది 2001 లో తెఱచిరి. ఇట్టి శాలలలో లోపలికి వచ్చినవానితో ‘అయ్యా, ఇంటికి వచ్చితిరా’ అని వంగి నమస్కరించుట ఆచారము. ఇదేమి వినోదమని నేనడుగఁగా ఆయన, “టోకియోలో ఒంటరిగా బ్రదుకువారు చాలమంది. ఇంటికి వచ్చితివా యని యడుగువారు వారి యింట లేరు” అనిరి. రాత్రివేళ చలిలో వీథిప్రక్క నిలువఁబడి కరపత్రములు పంచు ఆ పిల్లలను చూచినపుడు నాకు సంతోషము కలుగలేదని కూడ చెప్పవలెను.

ఇట్టి వినోదములను పెద్దలు నిందించుట జపానుకు క్రొత్తకాదు. రెండువందల యేండ్లకు పూర్వము ఎదో యను పేరుగల ఈ నగరముననే బొమ్మలతోకూడిన చవుక పుస్తకములు వేలకొలఁది అచ్చయ్యెడివి. బాడుగకు పుస్తకములిచ్చువారు మూఁటలు మోసికొని యింటింటికి తిరిగెడివారు. నటుల చిత్తరువులను కుఱ్ఱవాండ్రు ఎగఁబడి కొనెడివారు. ప్రజలు చెడిపోవుచున్నారని ప్రభుత్వమువారు కట్టడిచేసిరి. 1791 లో సాంతో క్యోదెన్ అను ప్రసిద్ధ రచయితకు ఏఁబదిదినములు చేతులకు సంకెళ్లు వేసిరి. ఆయన పుస్తకములను వెలువరించిన త్సుతాయా జూజబురో ఆస్తిలో సగము హరించిరి. ఆ త్సుతాయా అచ్చొత్తించిన చిత్తరువులే నేఁడు లోకమందలి గొప్ప ప్రదర్శనశాలలలో అద్దములవెనుక భద్రముగా నున్నవి. దీనినిబట్టి నేఁటి బొమ్మలన్నియు రేపు నిధులగునని నేననను. ఆ కాలపు పుస్తకములలో చెత్తయు విస్తారముగా నుండెను. ఐనను సంకెళ్లు వేసినవారు ఆ రెంటిని వేఱుపఱుపలేకపోయిరి.

2004 లో ఒక ఒటాకు యువకుఁడు రైలులో తాగుబోతు బారినుండి ఒక యువతిని కాపాడి, ఆమె స్నేహమును పొందిన కథ పుస్తకముగా వెలువడి, మఱుసటి యేఁట చలనచిత్రమై, నాటకమై ఇంటింట ప్రవేశించెను. జనుల కన్ను మెత్తఁబడినది. 2008 లో ప్రధానమంత్రియైన తారో అసో తాను బొమ్మలకథల ప్రియుఁడనని చాటుకొని అకిహబర నడివీథిలో ఉపన్యసించినవాఁడు. ప్రభుత్వము ఈ సరకును దేశాంతరములకు ఎగుమతి చేయుటకు పూనుకొనెను. నిన్న సిగ్గుచేటైనది నేఁడు సర్కారు బేరమైనందుకు మార్గదర్శకులకు ఆనందముకంటె నవ్వే యెక్కువ వచ్చినదఁట.

ఆ యేఁడే, జూన్ 8 వ తేదీ ఆదివారము మధ్యాహ్నము, పెద్దవీథి కూడలిలో ఒకఁడు సరకులబండిని జనముపైకి తోలి, దిగి కత్తితో పొడిచి, ఏడుగురి ప్రాణములు తీసెను. ఆదివారములందు బండ్లను ఆపి జనులను నడువనిచ్చు ఆ వీథిలో ఆ యేర్పాటు 2011 జనవరి దాఁక నిలిచిపోయినది. ఆ కూడలిలో మేము నిలిచినపుడు చుట్టును నవ్వులు, పాటలు, ఫోటోలు. మార్గదర్శకులు టోపీ తీసి క్షణము తల వంచిరి. నేనును వంచితిని.

అచ్చటినుండి మెట్లెక్కి కండా మ్యోజిన్ దేవాలయమునకు పోయితిమి. ఇప్పటి స్థలమునకు అది 1616 లో వచ్చినది. దుకాణదారులందఱకు ఇలువేల్పు వంటిది. గణనయంత్రములు చెడిపోకుండ రక్షించు తాయెత్తులు అక్కడ అమ్ముదురు. గుడి ముంగిట దైకోకు అను ధనమిచ్చు దేవరయొక్క పెద్ద రాతివిగ్రహము గలదు. ఆయన మూలము మన మహాకాలుఁడే. బౌద్ధము వెంట చీనామీఁదుగా ఆ దేశము చేరి, ఉగ్రరూపము మాని, బియ్యపుబస్తాలపై నిలిచి నవ్వుచున్నాఁడు. బొమ్మలకు కూడ ఇట్టి రాకపోకలు గలవు. తెజుకా బుద్ధుని చరిత్రమును పెద్ద బొమ్మలకథగా వ్రాసెను. యుగో సాకో అను జపానీయుఁడు పూనుకొని, మన దేశపు చిత్రకారుఁడు రామమోహనుతో కలిసి రామాయణమును గీఁతబొమ్మల చలనచిత్రముగా 1992 లో పూర్తిచేసెను. ఇక ఇటీవలి ముచ్చట: మన తెలుఁగు ‘బాహుబలి’ చిత్రమును జపానీయులు గంటలు మ్రోఁగించుచు, కేకలు వేయుచు చూచిరి. 2022 లో అచ్చట విడుదలయైన ‘ఆర్.ఆర్.ఆర్.’ కథను, స్త్రీలే పురుషవేషములు ధరించు తకరజుకా నాటకసమాజమువారు 2024 లో ఆడిరి. ఒకటే చిత్రమును పదేపదే చూచువారు ఆ దేశమున మెండు. మన చిత్రముల విషయమున వారు ఒటాకులేనా యని నేనడుగఁగా మార్గదర్శకులు, “అవును, సందేహమేమి?” అనిరి.

సాయంకాలము చివరిగా చూచినది ఒక గ్రంథాలయము. కోమికెట్ సంతను నెలకొల్పినవారిలో నొకఁడైన యొషిహిరో యొనెజవా జీవితమంతయు కూర్చిన పుస్తకములను, పత్రికలను, ఆ సంతలలో అమ్మిన చిన్న పుస్తకములను మెయిజీ విశ్వవిద్యాలయమువారు 2009 లో తెఱచిన ఈ గ్రంథాలయమున భద్రపఱచిరి. అది అకిహబరకు నడకదూరముననే యున్నది. క్రింది యంతస్తులోని ప్రదర్శనమును మేము చూచితిమి. ఒకనాఁడు అటకలపై దాఁచిన కాగితములవంటివే అచ్చట అద్దముక్రింద తేదీ చీటితో నుండెను.

మీ పెట్టెల సంగతి యేమైనదని అడుగవలెనో వలదో యని నేను సందేహించుచుండఁగా ఆయనే చెప్పిరి: తల్లి పోయిన పిమ్మట ఇల్లు సర్దునపుడు వానిని దింపి చూచితిరఁట. పెట్టెలలో పురుగు పట్టకుండ ఎవరో కర్పూరపు ఉండలు వేసియుండిరి. తాను వేయలేదు. ఇంటిలో మఱెవరును లేరు. ఇట్టి గ్రంథాలయమునకు ఇచ్చుటకై ఆయన సగము పెట్టెలను కట్టి సిద్ధముగా నుంచిరి. మిగిలిన సగము ఇంకను ఇయ్య మనసొప్పలేదనిరి.